నిప్పు తెరిచే తలుపులు

కేతకీపురంలో బండిచక్రాలకు ఇనుప పట్టాలు ఎక్కించే కమ్మరి వీరోజు ఆ ఉదయం ఒంటినిండా విభూతి పులుముకుని, నెత్తిన సమిధల మోపు పెట్టుకుని, కరాళసిద్ధుడి శిష్యుల వరుసలో కొండ ఎక్కుతున్నాడు. కట్టుకున్న కాషాయం మోకాళ్ల పైనే ఆగిపోయింది. అది ఒక పొట్టి శిష్యుడి గుడ్డ. ఆ శిష్యుడు ప్రస్తుతం కొండ కింద తంగేడు పొదల్లో, నోట్లో గుడ్డలు కుక్కించుకుని, ఒట్టి గోచీతో పడి ఉన్నాడు. పాపం, అతను చేసిన తప్పల్లా వీరోజుకు ఒంటరిగా దొరకడమే.

వీరోజు వచ్చిన పని ఒక్కటే. మూడేళ్ల కిందట, "ఆర్నెల్ల పని. తలుపులు పోతపోసి వచ్చేస్తాను" అని సిద్ధుడి వెంట వెళ్లిన అన్న మల్లోజు మళ్లీ ఇంటి గడప తొక్కలేదు. పోయాడనుకుని ఇంట్లో దినాలు కూడా చేసేశారు. నిన్న సంతలో సిద్ధుడి వంటమనిషి నాంచారమ్మ వీరోజు చెయ్యి పట్టుకుని పక్కకు లాగి, "మీ అన్న బతికే ఉన్నాడు నాయనా. రేపు మిట్టమధ్యాహ్నం దాకా మాత్రమే ఉంటాడు. వంటశాల దగ్గరికి రా" అని చెవిలో చెప్పి జనంలో కలిసిపోయింది. అన్న ఎక్కడున్నాడు, ఎందుకు చస్తాడు, మధ్యాహ్నమే ఎందుకు చస్తాడు? ఒక్కటీ వీరోజుకు అర్థం కాలేదు. అర్థం కాకపోయినా బయల్దేరాడు.

"ఏయ్, పొడుగోడా! నిన్నెప్పుడూ చూడలేదే?" అంటూ పెద్దశిష్యుడు దండకేశుడు కత్తిపిడి మీద చెయ్యి వేసి దారికి అడ్డం నిలబడ్డాడు.

వీరోజు నోటి మీద వేలు పెట్టుకుని మౌనవ్రతమని సైగ చేశాడు.

"ఓహో, మౌనమా? ఎన్నాళ్ల నుంచి?"

"నలభై రోజుల నుంచి స్వామీ" అన్నాడు వీరోజు వినయంగా.

దండకేశుడు తల ఊపి, రెండడుగులు వేసి, టక్కున ఆగి వెనక్కి తిరిగాడు. "మౌనంలో ఉండి మాట్లాడావేం?"

"ఎన్నాళ్లని అడిగితే మాత్రం చెప్పొచ్చని గురువుగారి సెలవు స్వామీ."

దండకేశుడు ఆకాశం వైపు చూశాడు, నేల వైపు చూశాడు, మీసం తడుముకున్నాడు. గురువుగారి సెలవు అన్నాక ఇక అడగడానికి ఏముంది? దారి వదిలాడు.

కొండ మలుపు తిరగగానే గుహాలయం ఎదురైంది. నల్లరాతి కొండ గుండెను తొలిచి నిలబెట్టిన ద్వారం అది. మూడు తాటిచెట్ల ఎత్తు కంచు తలుపులు రెండు ఎండలో ధగధగ మెరుస్తున్నాయి. ఒక రెక్క మీద తొండాలు పెనవేసుకున్న ఏనుగుల బారు, ఇంకో రెక్క మీద జూలు విదిల్చే సింహాల గుంపు, అంచుల వెంట విచ్చీ విచ్చని తామరలు. అంత పెద్ద కంచు మీద ఎక్కడా సుత్తి మచ్చ లేదు. అది అన్న చేతి పని. తలుపుల ముందు నలుచదరంగా హోమగుండం. ఆ గుండంలో నిప్పు రాజుకుంటే చాలు, మనిషి చెయ్యి పడకుండా ఆ తలుపులు వాటంతట అవే తెరుచుకుంటాయి. నిప్పు ఆరితే మూసుకుంటాయి. అమ్మవారే తెరుస్తోందని సిద్ధుడు చెప్పాడు. వరసగా మూడు పున్నములు అలా తెరుచుకుంటే రాజ్యం అమ్మవారిదేనని, ఆవిడ తరఫున దాన్ని ఏలుకునేవాణ్ని తానేనని ధవళకీర్తి మహారాజును ఒప్పించాడు. రెండు పున్నములు అయిపోయాయి. ఇవాళ మూడోది. మిట్టమధ్యాహ్నం మహారాజు నలభైమంది పరివారంతో లోపలికి వెళ్లి, రాజముద్రను అమ్మవారి పాదాల దగ్గర పెట్టాలి.

కిందటి పున్నమికి జనంలో నిలబడి వీరోజు కూడా ఆ వింత చూశాడు. అందరిలాగే నోరు వెళ్లబెట్టాడు, అందరిలాగే చెంపలు వేసుకున్నాడు. ఇంటికి వెళ్లాక మాత్రం నిద్ర పట్టలేదు. కంచు తనంతట తాను కదలదని కమ్మరివాడికి తెలుసు. కదలడం కళ్లారా చూశాడు. ఈ రెండింట్లో ఏది నిజమో తేలక నెల్లాళ్లుగా బుర్ర వేడెక్కిపోతోంది.

"ఆ మోపు ఇటు పట్రావయ్యా! వంటశాలలో పొయ్యి ఆరిపోతోంది!" అంటూ నాంచారమ్మ కేక పెట్టింది. ఆవిడకు అరవై ఏళ్లుంటాయి. ఒక చేత్తో గంజి గిన్నె, ఇంకో చేత్తో నిప్పుల కుంపటి, బొడ్లో ఊదుగొట్టం. వీరోజు వరుస తప్పించుకుని ఆవిడ వెంట నడిచాడు. వంటశాల వెనక ఒక బండను పక్కకు జరిపి, "దిగు. తల జాగ్రత్త" అంది నాంచారమ్మ.

మెట్లు దిగుతుంటే చల్లగా ఉండాల్సిన సొరంగం ఉడికిపోతోంది. కుడివైపు గోడ మంచులా ఉంది, ఎడమవైపు గోడ చెయ్యి వెయ్యనీయలేదు. ఇంతలో ముందున్న చీకట్లోంచి 'గూ...ఊఁ' అని ఒక మూలుగు వినబడింది. వీరోజు మోపు కింద పడేసి, దర్భలు కోసే చిన్న కత్తి దూశాడు.

"అమ్మా, రాక్షసుణ్ని కట్టేశారా ఇక్కడ?"

"రాక్షసుడూ లేడు, నీ మొహమూ లేదు. అది బాన. పొద్దున శుద్ధి హోమమని పైన కాస్త నిప్పు వేశారులే, దానికి అలా మూలుగుతోంది."

కుంపటి వెలుగులో చూశాడు. గది పైకప్పును ఆనుకుని, హోమగుండం సరిగ్గా కిందుగా, ఏనుగంత రాగిబాన ఉంది. మూత లేదు, మూతి లేదు, అన్ని వైపులా మూసేసి ఉంది. దాని అడుగు నుంచి ఒక రాగిగొట్టం బయల్దేరి పక్కనున్న గోతి మీదికి వంగింది. ఆ గోతి పైకప్పు దగ్గర, ఎద్దులతో మోట తోలేటప్పుడు బావిలోకి దించుతారే, అలాంటి తోలుబాన వేలాడుతోంది. కాకపోతే పది మోటలంత పెద్దది. దాని తాళ్లు తొడంత లావున కప్పు రంధ్రాల్లోంచి పైకి పోతున్నాయి. వీరోజుకు ఒక్క ముక్క అంతుపట్టలేదు.

"మూత పెట్టిన కుండ పొయ్యి మీద ఉంటే ఏమవుతుంది?" అని అడిగింది నాంచారమ్మ.

"మూత ఎగిరెగిరి పడుతుంది."

"ఎవరు ఎగరేస్తారు? అమ్మవారా?"

"లోపలి ఆవిరి."

"ఇక్కడ గాలి. ఈ బానలో సగం నీళ్లు, సగం గాలి. పైన మంట పెడితే గాలి వేడెక్కి ఉబ్బుతుంది. చోటు చాలక నీళ్లను తోస్తుంది. నీళ్లు గొట్టంలోంచి వెళ్లి తోలుబానలో పడతాయి. బాన బరువెక్కి కిందికి దిగుతుంది. తాళ్లు లాగుతాయి, పైన తలుపులు తిరుగుతాయి. నిప్పు ఆరితే గాలి ముడుచుకుని నీళ్లను మళ్లీ పీల్చేసుకుంటుంది. అంతే."

వీరోజు తల పట్టుకున్నాడు. "నిప్పు నీళ్లను నెట్టడమేమిటమ్మా? నీళ్లు కదా నిప్పును ఆర్పేది! పైన మంట పెడితే కింద నీళ్లు నడుస్తాయా? నీళ్లు దిగితే పైన కంచు కదులుతుందా?"

"నాకూ మొదట్లో అలాగే ఉండేది. మీ అన్న పూటకో ముక్క చొప్పున చెప్పాడు. కట్టింది ఆయనే కదా."

"అన్న ఏడీ?"

నాంచారమ్మ జవాబు చెప్పకుండా గోతిలోకి వేలు చూపించింది.

వీరోజు గోతిలోకి దూకాడు. అడుగున, తోలుబానకు సరిగ్గా కిందుగా, ఒక మనిషి వెల్లకిలా పడి ఉన్నాడు. గడ్డం రొమ్ము మీదికి పెరిగింది. నడుముకు ఇనుప పట్టీ, దాని గొలుసు రాతిలో దిగేసిన కడియానికి బిగించి ఉంది. జానెడు కూడా పక్కకు జరగలేడు.

"అన్నా!" అని వీరోజు ఆ చిక్కిపోయిన చేతులు పట్టుకుని బావురుమన్నాడు.

"ఎవర్రా... వీరిగా? నువ్వెందుకొచ్చావురా ఇక్కడికి?" మల్లోజు గొంతు కీచుగా వచ్చింది. "ఈ మర్మం నా ఒక్కడికే తెలుసు. ఇవాళ్టితో వాడికి నా అవసరం తీరిపోతుంది. ఇన్నాళ్లూ గొలుసు పొడుగ్గా ఉండేది, బాన దిగితే పక్కకు జరిగేవాణ్ని; మొన్న నడుము దగ్గర కురచ చేశారు. పైన తలుపులు బార్లా తెరుచుకునేసరికి ఈ బాన అడుగుకి దిగుతుంది. అడుగున నేనున్నాను. నా చేత్తో నేనే కట్టుకున్నానురా దీన్ని. వెళ్లిపో. నువ్వైనా ఇంటికి చేరు."

వీరోజుకు మధ్యాహ్నమే ఎందుకో ఇప్పుడు తెలిసింది. తెలియకుండా ఉంటేనే బాగుండేదనిపించింది.

అంతలోనే పైన శంఖాలు ఊదారు. భేరీలు మోగాయి. "జయ జయ అగ్నిమాతా!" అని వేల గొంతులు ఒక్కసారి అరిచాయి. నేతి చుక్కలు చిటపటమన్న శబ్దం రాతిలోంచి వినబడింది. రాగిబాన ఇందాకటి కన్నా పెద్దగా మూలిగింది. గొట్టం చివర మొదట బుడగలు వచ్చాయి, ఆపైన చుక్కలు పడ్డాయి, ఆపైన దబదబా ధార మొదలైంది. చూస్తుండగానే తోలుబాన పొట్ట ఉబ్బింది. తాళ్లు కిర్రుమన్నాయి. బాన ఒక బెత్తెడు కిందికి జారింది.

వీరోజు గొలుసు తడిమాడు. గొలుసును కడియానికి కలుపుతూ బొటనవేలు లావు ఇనుపచీల ఒకటి దూర్చి ఉంది. దాన్ని లాగితే చాలు. కానీ మూడేళ్ల తుప్పు. రాయి పెట్టి కొట్టాడు, కదల్లేదు. కాలితో తన్నాడు, కాలు నొప్పి పుట్టింది, చీల కదల్లేదు.

"అమ్మా, కుంపటి ఇలా దించు! ఊదుగొట్టం కూడా!"

వీరోజు చేతులకు ఊహ తెలిసినప్పటి నుంచి ఒకటే పని తెలుసు. ఇనుప పట్టాను పిడకల మంటలో ఎర్రగా కాలుస్తాడు. కాలిన పట్టా సాగి వదులవుతుంది. పట్టకార్లతో ఎత్తి చక్రానికి తొడిగి నీళ్లు పోస్తే చుయ్యిమని బిగుసుకుంటుంది. కాలిస్తే ఇనుము వదులుతుంది, చల్లారిస్తే పట్టుకుంటుంది. వాళ్ల తాతల నాటి నుంచి ఆ కొలిమిలో అదే న్యాయం. ఇంకేం ఆలోచిస్తాడు? నిప్పులన్నీ చీల చుట్టూ పోసి, బుగ్గలు పగిలిపోయేలా ఊదాడు. చీల నల్లబడింది, ముదురెరుపుకు తిరిగింది, కణకణలాడింది. పక్కటెముకలు కాలుతున్నా అన్న పళ్లు బిగించి ఓర్చుకున్నాడు.

"వదిలుంటుంది!" అంటూ కాషాయం చింపి చేతికి చుట్టుకుని వీరోజు చీల పట్టి లాగాడు.

రాలేదు. సరికదా, ఇందాక కాస్త గలగలలాడిన గొలుసు కూడా ఇప్పుడు కొయ్యబారినట్టు బిగుసుకుపోయింది.

వీరోజుకు మతి పోయింది. మళ్లీ ఊదాడు, మళ్లీ లాగాడు. ఇంకా బిగిసింది. పుట్టిన దగ్గర నుంచి కాల్చగానే లొంగిపోయిన ఇనుము, ఈ ఒక్కరోజు ఎందుకు ఎదురు తిరిగింది? నిజంగానే సిద్ధుడు దీనికి మంత్రం వేశాడా? "ఇది ఇనుము కాదన్నా! ఇనుమైతే వదిలేది! ఇది ఏదో మాయ లోహం!" అని అరిచాడు.

"ఏం చేశావురా?"

"చీల కాల్చాను!"

మల్లోజు ఆ స్థితిలో కూడా తల నేలకేసి కొట్టుకున్నాడు. "ఒరే వెర్రివాడా! పట్టా చక్రానికి బయట ఉంటుంది. అది సాగితే వదులవుతుంది. చీల కడియానికి లోపల ఉందిరా! లోపలిది ఉబ్బితే వదులుతుందా, బిగుస్తుందా?"

ఇరవై ఏళ్లు పట్టాలు తొడిగిన చేతులు అన్నను తామే ఇంకాస్త గట్టిగా కట్టేశాయి.

తల ఎత్తి చూస్తే తోలుబాన సగం గొయ్యి దాటి వచ్చేసింది. కొండను ఎత్తి మీద పెడుతున్నట్టు నెమ్మదిగా, ఆగకుండా దిగుతోంది. పైన తలుపులు తిరుగుతున్న రొద. జనం కేరింతలు. ఆ కేకల్లో దండకేశుడి గొంతు ఖంగుమంది: "తప్పుకోండి! గురుదేవులు, మహారాజావారు లోపలికి అడుగు పెడుతున్నారు!"

బాన అడుగు వీరోజు నెత్తికి తగిలింది. వంగాడు. మెడకు తగిలింది. మోకాళ్ల మీద పడ్డాడు. "పైకి రా నాయనా, ఇద్దరూ పోతారు!" అని నాంచారమ్మ గోతి అంచు నుంచి ఏడుస్తోంది. "పోరా! నా మాట విను!" అని అన్న రెండు చేతులతో తోస్తున్నాడు. భుజాలతో బానను మోయబోయాడు వీరోజు. పది మోటల నీళ్ల బరువును ఎవరు మోస్తారు? వెన్ను కటుక్కుమంది.

అప్పుడు ఇందాక నడుమున దోపుకున్న దర్భల కత్తి గుర్తొచ్చింది. వెల్లకిలా అన్న మీద పడి, ముఖానికి జానెడు దూరంలో ఉన్న తోలులో కత్తి దించి, ఈ చివర నుంచి ఆ చివరకు ఒక్క లాగు లాగాడు.

గోతిలో చెరువు తెగింది. వెచ్చని నీళ్లు ఇద్దరినీ ముంచెత్తాయి. ఎర్రగా కాలిన చీల మీద పడి చుయ్యిమన్నాయి. తెల్లటి ఆవిరి కమ్మేసింది. ఆ ఆవిరిలో ఎక్కడో 'టప్' మని చిన్న శబ్దం వచ్చింది. ఉబ్బిన చీల ఒక్కసారిగా ముడుచుకునేసరికి మూడేళ్ల తుప్పు పెళ్లలుగా పగిలి ఊడింది. వీరోజు ఊపిరి బిగపట్టి నీళ్లలో తడిమి, రాయి తీసి ఒక్క దెబ్బ వేశాడు. చీల కడియంలోంచి జారి అవతల పడింది.

అన్నదమ్ములిద్దరూ ఒకరినొకరు పట్టుకుని దగ్గుతూ లేచి కూర్చున్నారు. వీరోజు ఏడుస్తున్నాడు, నవ్వుతున్నాడు, ఏది చేస్తున్నాడో అతనికే తెలియలేదు.

పైన దడేల్‌మని కొండ అదిరింది. చినిగిన బాన తేలికై రివ్వున పైకి లేచిపోయింది. తలుపులను మూయడానికి తాళ్ల రెండో చివర వేలాడదీసిన రాతిగుండు కిందికి దిగింది. కంచు తలుపులు మూసుకున్నాయి. అంతవరకూ వినిపించిన కేరింతలు టక్కున ఆగి, హాహాకారాలు మొదలయ్యాయి.

మల్లోజు ముఖం పాలిపోయింది. "లోపల ఎవరున్నార్రా?"

"సిద్ధుడు, మహారాజు, పరివారం."

"వీరిగా... గాలి కూడా దూరకుండా ఆ తలుపులు నేనే బిగించాను. లోపల నలభై దీపాలు వెలుగుతుంటాయి. రెండు గడియలు దాటితే ఒక్కరు బతకరు. మళ్లీ తెరవాలంటే నీళ్లుండాలి. ఆ నీళ్లన్నీ ఇప్పుడు మన కాళ్ల కింద ఉన్నాయి. పైన ఎంత మంట వేసినా ఇక నెట్టడానికేమీ లేదు." అతను తమ్ముడి ముఖంలోకి చూశాడు. "మహారాజు లోపలికి వెళ్లడం నీకు వినబడలేదా?"

"వినబడింది."

"మరెందుకు కోశావు?"

"నువ్వు కింద ఉన్నావు కదన్నా" అన్నాడు వీరోజు.

మల్లోజు తమ్ముడి తడి తల మీద చెయ్యి వేశాడు.

"ఆ ముచ్చట్లు తరవాత!" నాంచారమ్మ పైనుంచి కసిరింది. "తలుపులు లాగేది నీళ్లా, బరువా? నాకు అది చెప్పండి ముందు."

అన్నదమ్ములు ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. నిప్పుకు నీళ్లు కావాలి గానీ, తలుపుకు నీళ్లెందుకు? బరువు చాలు! తోలుబాన మూతికి బిగించిన ఇనుప చట్రం నుంచి లావుపాటి తాడు ఒకటి గోతిలోకి వేలాడుతోంది. వీరోజు ఎగిరి దాన్ని అందుకుని వేలాడాడు. నడవలేని మల్లోజు అతని నడుం పట్టుకున్నాడు. నాంచారమ్మ కొంగు దోపుకుని గోతి అంచు మీంచి తాడు మీదికి దూకింది. ఆ వయసులో అంత దూకుడు ఎక్కడిదో దేవుడికే ఎరుక. తాడు వేలెడు దిగింది. పైన కంచు 'కిర్ర్' మంది. ఆగిపోయింది.

"ఎంతమంది కావాలన్నా?"

"నిప్పు చేసే పని మనుషులు చెయ్యాలంటే ముప్పైమందికి తక్కువ కారు" అన్నాడు మల్లోజు నీరసంగా.

అప్పుడే మెట్ల మీద కాళ్ల చప్పుడు దడదడమంది. దండకేశుడు, వెనక నలభైమంది శిష్యులు, అందరి చేతుల్లో దూసిన కత్తులు. వంటశాల వెనక బండ పక్కకు జరిగి ఉండడం చూసి పరుగెత్తుకొచ్చారు. గోతి అంచున ఒక్కసారిగా నిలబడిపోయారు. రాగిబాన, గొట్టం, తాళ్లు. అమ్మవారి చెయ్యి అనుకుని ఇన్నాళ్లు మొక్కిన చోట చినిగిన తోలు వేలాడుతోంది. దాని కింద తమ వంటమనిషి ముసలావిడ, ఒక అస్థిపంజరం లాంటి మనిషి, గోచీతో మౌనస్వామి తాడుకు వేలాడుతున్నారు.

"ఏమిటిది?" దండకేశుడు కత్తి పైకెత్తాడు. "ఏం చేస్తున్నారు మీరు? అమ్మవారు ఎక్కడ?"

తాడు వదిలి కత్తులకు ఎదురు నిలిస్తే తలుపు బిగుసుకుంటుంది. వదలకపోతే వీళ్లు నరికేస్తారు. వీరోజుకు ఇక దాచడానికేమీ మిగల్లేదు.

"అమ్మవారు లేదు, ఏమీ లేదు! తలుపు తెరిచేది ఈ తాడు! మీ గురువు లోపల ఊపిరాడక చస్తున్నాడు, మా రాజు కూడా! నన్ను నరకాలంటే తలుపు తెరిచాక నరుకు! ముప్పైమంది బరువు కావాలి!"

పైన రాతిలోంచి గుద్దుల శబ్దం సన్నగా వినబడుతోంది. ఎవరో లోపలి నుంచి కంచును బాదుతున్నారు. దండకేశుడు ఎత్తిన కత్తి ఎత్తినట్టే ఉంది. శబ్దం వస్తున్న పైకప్పు వైపు చూశాడు, తాడు వైపు చూశాడు, తన వెనకున్న నలభై ముఖాల వైపు చూశాడు. ఆ ముఖాల్లోనూ అదే అయోమయం.

కత్తి చేతిలోంచి జారి గోతి నీళ్లలో పడింది.

"ఎక్కడ పట్టుకోవాలి?" అన్నాడు దండకేశుడు.